పద్మకం అంటే తామర కాదు, హిమాలయాల అడవి చెర్రీ

ఈ మధ్య వాట్సాప్ గ్రూపుల్లో ఒక పోస్టు తెగ తిరుగుతోంది. పాత వైద్య గ్రంథాల్లో కనబడే 'పద్మకం' మన చెరువుల్లో పూసే తామరేనట. పద్మకాష్ఠం అంటే ఎండిన తామరకాడట. చెర్రీ మన దేశపు చెట్టే కాదు కాబట్టి, పద్మకాన్ని చెర్రీ అని రాసింది తెల్లదొరలేనట. అంగట్లో చెక్క కొనడం దండగ, తామరతూడు ఎండబెట్టి పొడి చేసుకుంటే చాలట. అది గర్భం నిలబెడుతుంది కాబట్టి గర్భిణులకు రోజూ ఇవ్వాలట. గింజలు కూడా అంతే మంచివట. కింద "మన సంపదను మనమే కాపాడుకుందాం, పదిమందికీ పంపండి" అని ఉంటుంది.

పంపేవాళ్ళ ఉద్దేశం మంచిదే. మన పాత విద్య మీద అభిమానంతోనే పంపుతున్నారు. అభిమానం ఉన్నప్పుడు ఆ గ్రంథాలు ఏం చెప్పాయో కూడా చూడాలి. చూస్తే ఈ పోస్టులో ఒక్క మాటా నిలవదు. చివరి రెండు మాటల వల్ల ప్రాణం మీదికి రావచ్చు కూడా. అందుకే ఒక్కొక్కటిగా జవాబు రాస్తున్నాను.

మొదటి మాట: పేరులో పద్మం ఉంది కాబట్టి తామరే.

సంస్కృతంలో మాట చివర 'క' చేరితే చాలాసార్లు పోలిక వస్తుంది. పాణిని దీనికి 'ఇవే ప్రతికృతౌ' అని సూత్రమే రాశాడు. దానికి వ్యాకరణం చదివినవాళ్ళందరికీ తెలిసిన ఉదాహరణ అశ్వకం. అశ్వం అంటే గుర్రం, అశ్వకం అంటే గుర్రం బొమ్మ. అశ్వకానికి గడ్డి వేస్తే తినదు.

పద్మకం అన్న మాటకు ఉన్న అర్థాలు చూడండి. అమరకోశంలో 'పద్మకం బిందుజాలకం' అని ఉంది. అంటే ఏనుగు ముఖం మీద వచ్చే చుక్కలు. గుడి ఏనుగును దగ్గర నుంచి చూసినవాళ్ళకు ఇవి బాగా గుర్తుంటాయి. వయసు వస్తున్నకొద్దీ తొండం మొదట్లో, చెవుల అంచుల్లో నలుపు తగ్గి, లేత గులాబీ రంగు మచ్చలు చల్లినట్టు కనబడతాయి. వాటిని చూసి పద్మకం అన్నారు. తామర ఆకారంలో నిలిపిన సైన్యానికీ, కూర్చునే ఒక ఆసనానికీ ఇదే పేరు. రంగో, ఆకారమో, వాసనో ఏదో ఒకటి తామరను గుర్తు చేస్తే ఆ వస్తువు పద్మకం అయింది.

మరి చెట్టుకు ఈ పేరు ఎందుకు వచ్చింది? 16వ శతాబ్దపు వైద్యగ్రంథం భావప్రకాశం దీన్ని 'పద్మగంధి' అంటుంది, అంటే పద్మంలాంటి వాసన గలది. పాత నిఘంటువులు ఇచ్చిన మరో పేరు 'పీతరక్తం', పసుపూ ఎరుపూ కలిసినది. చేవ ఉన్న చెక్కకు ఈ పేరు సరిగ్గా సరిపోతుంది. తామరకాడకు ఏ మూలనా సరిపోదు. అసలు తామరకాడను పట్టుకుని ఇది పద్మంలాంటి వాసన గలది అని ఎవరంటారు? మల్లెపువ్వును మల్లె వాసన గలదని ఎవరూ పరిచయం చెయ్యరు కదా.

ఇంకా దగ్గరి ఉదాహరణ కావాలంటే మన పచారీ కొట్టులోనే ఉంది. చెంగల్వ కోష్టు అని అడిగి కొనుక్కుంటాం. చెంగల్వ నీటిలో పూసే ఎర్రకలువ. కోష్టు మాత్రం నేల మీద పెరిగే మొక్క వేరు. అది కలువ దుంప అని ఇంతవరకు ఏ అమ్మమ్మా అనుకోలేదు.

రెండో మాట: గ్రంథాల్లో రాసింది తామర గురించే.

ఇది తేలడానికి వాదన కూడా అక్కర్లేదు, గ్రంథం తెరిస్తే చాలు. చరకసంహిత జ్వరచికిత్సలో చందనాది తైలం ఉంది. దానికి కావలసిన మందుల వరస చాలా పొడుగు. అందులో పద్మకం, ఉశీరం, శారిబ, మధుకం ఒక చోట వస్తాయి. ఉశీరం అంటే వట్టివేరు, శారిబ అంటే సుగంధిపాల, మధుకం అంటే అతిమధురం. అదే వరసలో కొంచెం ముందుకు వెళ్తే పద్మం, ఉత్పలం, నళినం, కుముదం, సౌగంధికం, పుండరీకం, శతపత్రం అని తామర, కలువ జాతులన్నీ పేరుపేరునా వస్తాయి. ఆ వెంటనే బిసం, మృణాళం, శాలూకం. ఇవి తూడు, కాడ, దుంప. అంటే చరకుడు తామరలో దేన్నీ వదిలిపెట్టలేదు. పువ్వు చెప్పాడు, కాడ చెప్పాడు, దుంప చెప్పాడు. వాటితో పాటు పద్మకాన్ని వేరే మందుగా చెప్పాడు. పద్మకం తామరే అయితే ఒకే నూనెలో ఒకే వస్తువును ఇన్నిసార్లు ఎందుకు వేయిస్తాడు?

చరకుడి మహాకషాయాల్లో, అంటే ఒకే పనికి వాడే మందుల గుంపుల్లో, కూడా ఇదే లెక్క. మూత్రానికి సహజమైన రంగు తెచ్చే గణంలో పద్మం నుంచి శతపత్రం దాకా ఉన్నాయి, పద్మకం లేదు. ఒంటికి రంగునిచ్చే వర్ణ్య గణంలో చందనం, పద్మకం, వట్టివేరు, అతిమధురం, మంజిష్ఠ, సుగంధిపాల ఉన్నాయి, అక్కడ పద్మం లేదు. నొప్పిని తగ్గించే వేదనాస్థాపన గణంలో సాలం, కదంబం, శిరీషం, అశోకం లాంటి చెట్ల మధ్య పద్మకం కూర్చుంది. సుశ్రుతుడి శారిబాది గణంలో రెండు చందనాల పక్కన చేరింది. భావప్రకాశం పద్మకాన్ని కర్పూరం, చందనం ఉండే కర్పూరాది వర్గంలో పెట్టింది. కమలం కోసం పుష్పవర్గం తెరవాలి. ఇంతమంది ఇన్ని చోట్ల వేరుగా పెట్టినదాన్ని ఒక్క పోస్టు కలిపేస్తే, మన సంపద నుంచి ఒక చెట్టును తీసి పారేసినట్టే. కాపాడుకుందాం అంటూనే ఈ పని చేస్తున్నందుకు నాకు బాధ.

మూడో మాట: చెర్రీ విదేశీ చెట్టు.

మేలో, జూన్‌లో మన బజార్లలోకి డబ్బాల్లో వచ్చే తియ్యటి చెర్రీలు కశ్మీర్ నుంచీ హిమాచల్ నుంచీ వస్తాయి. ఆ జాతి యూరప్, పశ్చిమ ఆసియాల నుంచి వచ్చిందే. కేకు మీద ఎర్రగా కనబడేది చాలాసార్లు పంచదార పాకంలో నానిన వాక్కాయ. పెరట్లో పెంచే సింగపూర్ చెర్రీకి అసలు చెర్రీతో చుట్టరికమే లేదు. వీటిని చూసి చెర్రీ అంటేనే పరాయిది అనుకోవడం సహజం.

కానీ పద్మకం వేరే జాతి. శాస్త్రజ్ఞులు దీన్ని ప్రూనస్ సెరసాయిడిస్ అంటారు. హిమాచల్, ఉత్తరాఖండ్, నేపాల్, సిక్కిం, భూటాన్, మేఘాలయ కొండలు దాని సొంత ఇల్లు. అక్కడి నుంచి బర్మా, థాయిలాండ్, చైనాలోని యునాన్ దాకా ఉంది. బెరడు రాగి రంగులో నిగనిగలాడుతూ, అడ్డంగా గీతలు గీసినట్టు ఉండి, పలచటి పొరలుగా లేస్తుంది. మామూలు చెర్రీలు వసంతంలో పూస్తే ఇది చలి మొదలయ్యే అక్టోబర్, నవంబర్ నెలల్లో గులాబీ రంగులో విరగబూస్తుంది. కొండల్లో మిగతా పూలు అయిపోయిన సమయం కాబట్టి తేనెటీగలకు ఇదే ఆధారం. షిల్లాంగ్‌లో 2016 నుంచి నవంబర్‌లో చెర్రీ పూల పండుగ జరిగేది ఈ పూలకే. జపాన్ నుంచి తెచ్చిన మొక్కలని చాలామంది అనుకుంటారు. అవి ఆ కొండల్లో వాటంతట అవి పెరిగేవే.

గఢ్వాల్, కుమావూ ఊళ్ళలో దీన్ని పయ్యా అంటారు, నేపాలీలో పైయూ, హిందీలో పద్మాఖ్. ఉత్తరాఖండ్‌లో పెళ్ళి మండపానికి పయ్యా కొమ్మలు కావాలి. మనకు పందిట్లో మామిడాకులు ఎలాగో వాళ్ళకు అది అలాగ. పెళ్ళి పందిట్లోకి చేరిన చెట్టును పట్టుకుని విదేశీది అనడం ఆ కొండ జనానికి అన్యాయం.

నాలుగో మాట: ఆ పేరు తెల్లదొరలు అంటగట్టింది.

జరిగింది దీనికి తలకిందులు. మొక్కల శాస్త్రజ్ఞుడు ఫ్రాన్సిస్ బుకానన్ హామిల్టన్ 1802, 1803 ప్రాంతంలో నేపాల్‌లో మొక్కలు సేకరించాడు. వాటి ఆధారంగా మరో మొక్కల శాస్త్రజ్ఞుడు డేవిడ్ డాన్ 1825లో ఈ చెట్టుకు సెరసాయిడిస్ అని పేరు పెట్టాడు, అంటే చెర్రీని పోలినది. దీనికే ఉన్న మరో శాస్త్రీయ నామం పుడ్డం. అది విలియం రాక్స్‌బర్గ్ వాడిన పేరు. కలకత్తా బొటానికల్ తోటకు వెళ్ళకముందు మన సామర్లకోటలో ఏళ్ళ తరబడి మొక్కల మీద పనిచేసిన రాక్స్‌బర్గే ఈయన. ఆ కాలపు ఇంగ్లీషు స్పెల్లింగులో పొట్టి 'అ'ను యు అక్షరంతో రాసేవాళ్ళు, ఇప్పటికీ పంజాబ్‌ను అలాగే రాస్తున్నాం. ఆ లెక్కన పుడ్డం అంటే పద్దం, మన పద్మమే. జనం ఆ చెట్టును పద్మం అని పిలుస్తుంటే విని రాసుకున్నారు. దొరల కంటే ముందే ఆ పేరు ఆ చెట్టుకు ఉంది కాబట్టే వాళ్ళ పుస్తకంలోకి ఎక్కింది.

ఐదో మాట: పద్మకాష్ఠం అంటే ఎండిన తామరకాడ.

కాష్ఠం అంటే కట్టె. తామరకు కట్టె ఎక్కడిది? తామరతూడు విరిచి చూడండి. లోపల గొట్టాల్లా రంధ్రాలు, రెండు ముక్కలూ దూరం జరిపితే మధ్యలో సన్నటి పోగులు సాగుతాయి. ఎండితే ముడుచుకుపోయి తేలిగ్గా, బెండులా అవుతుంది. పద్మకం చెక్క గట్టిది, బరువైనది, రోట్లో దంచితే రోకలి ఎగురుతుంది. ఆయుర్వేద మందులకు ప్రమాణాలు చెప్పే ప్రభుత్వ గ్రంథం, భారత ఆయుర్వేద ఫార్మకోపియా కూడా పద్మకం అంటే ప్రూనస్ సెరసాయిడిస్ చేవ చెక్క అనే నిర్ణయించింది.

ఈ పోస్టుకే తోకగా ఇంకో మాట తిరుగుతోంది: నీళ్ళలో వేసి మరిగిస్తే గులాబీ రంగు వస్తేనే అసలు పద్మకం అని. ఆ రంగునిచ్చేది పతంగ చెక్క. కేరళ హోటళ్ళలో తాగడానికి ఇచ్చే ఎర్రటి నీళ్ళు దానివే. అక్కడ దాన్ని పతిముఖం అంటారు. పద్మకం అన్న చోట అక్కడి వైద్యులు దాన్ని వాడే సంప్రదాయం నిజంగానే ఉంది. హిమాలయాల చెక్క అంత దూరం దొరకని చోట తమకు అందిన చెక్కను వాడుకున్నారనే నేను అనుకుంటాను, దాన్ని తప్పు పట్టను. కానీ ఆ రంగు బ్రెజిలిన్ అనే పదార్థం వల్ల వస్తుంది. అది పతంగ చెక్కకు గుర్తు. ఆ పరీక్షతో అసలు పద్మకాన్ని నకిలీ అని పారేసే ప్రమాదం ఉంది. కొనేటప్పుడు పొట్లం మీద శాస్త్రీయ నామం, ఏ భాగమో రాసి ఉందో లేదో చూడండి. రాసి లేకపోతే అడగండి.

అమెరికాలో ఉన్న మనవాళ్ళ గ్రూపుల్లో దీనికి ఇంకో కొమ్మ మొలిచింది, అక్కడ దగ్గుకు వాడే వైల్డ్ చెర్రీ సిరప్ మన పద్మకమే అని. కాదు. అది ఉత్తర అమెరికాలో పెరిగే ప్రూనస్ సెరొటినా అనే చెట్టు బెరడుతో చేసేది. కుటుంబం ఒకటే, చెట్టు వేరు, వాడే భాగం వేరు.

ఆరో మాట: గర్భిణులకు రోజూ ఇవ్వండి, గింజలు కూడా వాడండి.

అసలు నన్ను రాయించింది ఈ మాటే. భావప్రకాశంలో పద్మకం గుణాల్లో 'గర్భసంస్థాపనం', అంటే గర్భాన్ని నిలబెట్టేది, అన్న పదం ఉంది, నిజమే. చాలా గుణాల మధ్య వచ్చిన ఒక పదం అది. ఎవరికి, ఏ నెలలో, దేనితో కలిపి, ఎంత మోతాదులో అన్నది వైద్యుడు చూసి నిర్ణయించాలి. పోస్టు ఆ పదాన్ని పట్టుకొచ్చి, చెక్కను తామరకాడగా మార్చి, మోతాదు లేకుండా ఇంటింటికీ పంచుతోంది. గర్భిణికి రక్తం కనబడితే దానికి కారణాలు ఎన్నో ఉంటాయి. పిండం గర్భసంచి బయట ఉంటే గంటలు కూడా విలువైనవే. అలాంటప్పుడు పొడి తాగించి రెండు రోజులు చూద్దాం అనుకునే ఇల్లు ఒక్కటైనా ఉంటుందన్నదే నా టెన్షన్. రక్తం కనబడిందా, వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్ళండి.

ఇక గింజలు. తామర గింజ తిండి వస్తువు, పిల్లలు కూడా తింటారు. చెర్రీ కుటుంబంలో గింజ లోపలి పప్పు అలాంటిది కాదు. చేదు బాదంలో ఉండే అమిగ్డలిన్ లాంటి పదార్థాలు అందులో ఉంటాయి. నమిలినా దంచినా వాటి నుంచి సయనైడ్ పుడుతుంది. పద్మకం గింజలు నాటుకోవడానికి ఆన్‌లైన్‌లో దొరుకుతున్నాయి. పోస్టు చదివి, పద్మకం అంటే తామరే కదా అన్న ధైర్యంతో ఆ గింజలు తెప్పించి పొడి కొట్టేవాళ్ళు ఉండొచ్చు. పద్మకం గురించి నేను పైన చెప్పిన గ్రంథాల మాటలన్నీ చెక్క గురించి, గింజ గురించి కాదు.

ఈ పోస్టు మీ గ్రూపులోకి వస్తే మిగతా వాదన తర్వాత చేసుకోవచ్చు. గింజల సంగతి, గర్భిణుల సంగతి మాత్రం ఆ కిందే రాయండి. పంపిన పెద్దవాళ్ళకు ఫోన్ చేసి, "పిన్నీ, ఆ గింజలు ఎవరూ తినకూడదట, ఆ మెసేజ్ తీసేయండి" అని చెప్పండి.