అమ్మా, ఇది ఫిలాసఫీ!

ఈసారి ఈ పరాయి దేశంలో మన తెలుగు సంఘం జరిపిన ఉగాది కవిసమ్మేళనానికి వచ్చినవాళ్లకు ఆ సంగతి గుర్తుండే ఉంటుంది. రానివాళ్ల కోసం చెబుతాను. పంచాంగ శ్రవణం అయిపోయింది. కూచిపూడి పిల్లల మేకప్ ఇంకా కాలేదు. ఆ మధ్య ఖాళీలో కవుల్ని వేదిక మీదికి పిలిచారు. మన సంఘంలో కవిత్వానికి ఎప్పుడూ దొరికే జాగా అదే కాబట్టి దాని మీద నాకు కొత్తగా కోపమేమీ లేదు. నలుగురైదుగురు పెద్దవాళ్లు చదివాక ఒక అమ్మాయి వచ్చింది. ఐసీయూలో నర్సు. రాత్రి డ్యూటీ చేసి తిన్నగా వచ్చిందని మొహం చూస్తేనే తెలుస్తోంది. ఫోన్ చూస్తూ చదవడం మొదలుపెట్టింది.

కవిత ఒక రోగి గురించి. మెదడు పని ఆగిపోయింది, వెంటిలేటర్ ఆసరాతో గుండె మాత్రం కొట్టుకుంటోంది. కొడుకు వచ్చి "నాన్నకి నా మాట వినపడుతోందా?" అని అడుగుతాడు. నర్సు జవాబు చెప్పదు, మానిటర్ మీద అంకెలు చదువుతుంది. "చెయ్యి వెచ్చగానే ఉంది కదండీ" అంటాడు కొడుకు. అవును, వెచ్చగానే ఉంది. అయితే ఆ వెచ్చదనం ఎవరిది? ఆ మంచం మీద ఇప్పుడున్నది నాన్నా, నాన్న శరీరమా, యంత్రం నడుపుతున్న ఇంకేదైనానా? ఆమె డ్యూటీ దిగి ఇంటికెళ్లి అద్దం ముందు నిలబడుతుంది. తనను చూసి "నేను" అనుకుంటుంది. అలా అనుకుంటున్నది దేన్ని చూసి?

సరిగ్గా అక్కడ మైకు గరగరలాడింది. సమ్మేళనానికి అధ్యక్షత వహిస్తున్న పెద్దాయన అందుకున్నారు. "బాగుందమ్మా, కానీ మేం కవిత చదవమన్నాం. అమ్మా, ఇది ఫిలాసఫీ! పండగ పూట మనకెందుకు చెప్పు ఈ టెన్షన్?" హాలంతా నవ్వింది. ఆ అమ్మాయి కూడా నవ్వేసి, "సారీ అంకుల్" అని దిగిపోయింది. కవిత ఎలా ముగిసిందో మాకెవరికీ తెలియదు. తర్వాతి కవిగారు కోయిలతో మొదలుపెట్టి కోయిలతోనే ముగించారు, చప్పట్లు బాగానే పడ్డాయి.

ఎవరినో తప్పుపట్టడానికి ఇది రాయడం లేదు. పెద్దాయన నాకు ఆప్తులు. ఆ సరదా వెనకాల ఉన్న నమ్మకంతోనే నా తగువు. కవిత్వం ఒక గదిలో ఉంటుంది, తత్వం ఇంకో గదిలో ఉంటుంది, కవి గది దాటి వస్తే గంట కొట్టాలి అన్న నమ్మకం.

అసలు ఆ రోజు ఉదయం ఏం జరిగిందో చూడండి. పంచాంగ శ్రవణానికి ముందు ఒక చిన్న పిల్లవాడు "ఆత్మశుద్ధి లేని ఆచారమదియేల" అని గుక్క తిప్పుకోకుండా అప్పజెప్పాడు. ఆచారానికి విలువ ఎక్కడి నుంచి వస్తుందని వేమన సూటిగా అడుగుతున్నాడు. పూజ చేయించిన ఆచార్యులవారి ఎదుటే వాడు ఆ మాట అన్నా ఎవరికీ టెన్షన్ రాలేదు. వాడికి బహుమతి కూడా ఇచ్చాం. మహాసభల్లో శ్రీశ్రీని అందుకుంటే వెయ్యి గొంతులు కలుస్తాయి. "నరజాతి చరిత్ర సమస్తం పరపీడన పరాయణత్వం" అన్నది చరిత్ర మీద ఒక సిద్ధాంతం. పద్యంలో చేసిన వాదన. దాన్ని ఫిలాసఫీ అని ఎవరూ ఆపరు, ఎందుకంటే తాళం బాగా కుదిరింది.

జాషువా సంగతి ఇంకా దారుణం. 1941లో వచ్చిన 'గబ్బిలం' పద్యాలు పాడటానికి మన ఊళ్లలో మంచి గొంతులున్నాయి. గుడిలోకి రానివ్వని మనిషి తన గోడు శివుడికి చెప్పుకోవాలి. గుడి కప్పుకు వేలాడే హక్కు గబ్బిలానికి ఉంది, తనకు లేదు. అందుకని దాన్ని పంపుతూ, పూజారి లేని వేళ చూసి చెప్పమంటాడు. కర్మ కర్మ అని తన నోరు కట్టేస్తున్నారు కదా, ఆ కర్మ ఏమిటో, దానికి తన మీద ఇంత కక్ష ఏమిటో ఈశ్వరుడి చేతే రుజువు చేయించి రమ్మంటాడు. రుజువు! తరతరాలుగా అందరూ ఒప్పుకున్న ఒక సిద్ధాంతాన్ని పట్టుకుని సాక్ష్యం ఏదని నిలదీసిన పద్యం అది. మనమేమో రాగాలాపన ఎంత పొడుగ్గా తీశారో చూసి చప్పట్లు కొడతాం. రుజువు అడిగిన పాదం ఆ చప్పట్లలో పోతుంది. ఎవరి ఇళ్లలో పోతుందో, ఎందుకు పోతుందో నేను విడమరిచి చెప్పక్కర్లేదు.

అవధానాల జోలికి నేను పోనని కొందరు మిత్రులకు మాటిచ్చాను. కానీ ఒక్క మాట. ఎనిమిది మంది వేసే ప్రశ్నలకు ఒకే కవి అప్పటికప్పుడు జవాబిచ్చే అష్టావధానం ఏడాదికోసారి మన హాల్లో జరుగుతుంది, దానికి నేను అందరికన్నా ముందొచ్చి కూర్చునే రకం. నిషిద్ధాక్షరిలో ఒక్కో అక్షరం దగ్గర దారి మూసేస్తుంటే అవధానిగారు సందు చూసుకుని వెళ్లడం, అప్రస్తుత ప్రసంగం చేసేవారు మధ్యలో దూరి ఏదో కొంటె ప్రశ్న వేయడం, చివర ధారణలో అన్ని పద్యాలూ ఒక్కొక్కటే తిరిగి రావడం... ఇంత దూరంలో ఉండి అది చూస్తుంటే ఒళ్లు పులకరిస్తుంది, కాదనను. అందులో సమస్యాపూరణం తీసుకోండి. జరగడానికి వీల్లేని ఒక పాదం ఇస్తారు. అవధానిగారు మిగతా మూడు పాదాలు కట్టి, ఎక్కడో పదం విరిచి, ఆ అసంభవాన్ని సంభవం చేస్తారు. వైరుధ్యం మంచులా విడిపోతుంది, మనం ఊపిరి పీల్చుకుంటాం. ఆధునిక కవి చేతికీ అలాంటి పాదమే వచ్చింది. చెయ్యి వెచ్చగా ఉంది, మనిషి లేడు. దాన్ని విరవడానికి ఏ సంధీ దొరకదు. దొరకదని తెలిసీ ఆ పాదం పక్కన నిలబడగలిగితే, ఆలోచన అక్కడ మొదలవుతుంది.

తెనాలి నుంచి వచ్చిన కవి ఆలూరి బైరాగి చేసింది ఇదే. 'నూతిలో గొంతుకలు' 1955లో వచ్చింది. అందులో మాట్లాడేవాళ్లు షేక్స్‌పియర్ హామ్లెట్, భారతంలోని అర్జునుడు, దోస్తోయెవ్‌స్కీ నవలలోని రాస్కల్నికోవ్. ఒకడు చంపాలా వద్దా అని తేల్చుకోలేడు, ఒకడు విల్లు కింద పడేశాడు, ఒకడు చంపేసి ఆ పనికి అర్థం వెతుక్కుంటున్నాడు. డెన్మార్కు, కురుక్షేత్రం, పీటర్స్‌బర్గ్ తెలుగులో ఒకే నూతిలోకి దిగాయి. నేను కూడా మన గీతా పోటీలకు న్యాయనిర్ణేతగా కూర్చుంటూ ఉంటాను. పిల్లలు పన్నెండో అధ్యాయం చెబుతారు, పదిహేనోది చెబుతారు. మొదటి అధ్యాయం కంఠస్థం చేసిన పిల్లని ఇంతవరకు చూడలేదు. అర్జునుడు ప్రశ్నతో కూలబడేది ఆ అధ్యాయంలోనే మరి. జవాబులు ముందే నేర్పేస్తున్నాం. బైరాగి 1978లో పోయారు. 'ఆగమగీతి'కి సాహిత్య అకాడమీ అవార్డు 1984లో వచ్చింది. మనం గుర్తించడానికి ఎంత తొందరపడతామో దీన్ని బట్టి తెలుస్తుంది.

ఇప్పుడు అవతలి పక్షం మాట కూడా చెప్పాలి. సంఘం వేసే సావనీరు సంచికకు వచ్చే కవితల్ని వడపోసే పని కొన్నేళ్లుగా నా నెత్తిన ఉంది. "నేనెవరు? నేను శూన్యం, నేను అనంతం, నేను కాలం" అంటూ వచ్చేవి ఎన్ని చదివానో. వాటిని ఎవరైనా మధ్యలో ఆపితే నేనే ముందు చప్పట్లు కొడతాను. వాటిలో ప్రశ్న లేదు, పుస్తకంలోంచి ఎత్తి తెచ్చిన పదాలున్నాయి. కాకినాడ కాలేజీలో ఏళ్ల తరబడి తత్వశాస్త్రం పాఠం చెప్పిన కవి ఇస్మాయిల్‌గారి కవితలు తెరిస్తే చెట్లు, పిట్టలు, వాన కనిపిస్తాయి. శాస్త్రం పదం ఒక్కటి తగలడం కష్టం. చదివింది అంతా లోపల కరిగి చూపుగా మారింది. ఇంగ్లీషు కవి ఎలియట్ హార్వర్డ్‌లో తత్వశాస్త్రం పీహెచ్‌డీకి సిద్ధాంత గ్రంథం రాసి, చివరికి పట్టా తీసుకోనేలేదు (మన ఇళ్లలో అయితే ఏమయ్యేదో ఊహించుకోండి). 1922 నాటి ఆయన పెద్ద కవిత 'ది వేస్ట్ లాండ్' ఆఖరున బృహదారణ్యక ఉపనిషత్తులోని ప్రజాపతి మాటలు ఉరుములా వినిపిస్తాయి. కవిత లోపల వాటికి టీకా తాత్పర్యం ఉండదు, పుస్తకం చివరి నోట్సులో ఒక్క ముక్కలో అర్థం చెప్పి ఊరుకున్నారు.

కవుల్ని తన ఆదర్శ రాజ్యంలోంచి వెళ్లగొట్టిన గ్రీకు తత్వవేత్త ప్లేటో కూడా, గుహలో నీడల్నే నిజమనుకునే మనుషుల కథ చెప్పకుండా తన వాదం పూర్తి చేయలేకపోయాడు. అందుచేత మన పెద్దాయన గొప్పవాళ్ల సరసనే ఉన్నారు, కంగారు పడక్కర్లేదు.

నిజానికి ఆ అమ్మాయి ప్రశ్న ఆ హాల్లో ఎంతమందికి సొంత ప్రశ్నో! అర్ధరాత్రి ఫోన్ మోగితే గుండె జారిపోయే వయసులో ఉన్నాం. అవతలి దేశంలో వెంటిలేటర్ మీద నాన్నని వీడియో కాల్‌లో చూసినవాళ్లు నా వరసలోనే ఇద్దరున్నారు. వాళ్లూ నవ్వారు. ఆ ప్రశ్నను ఇంగ్లీషులో డాక్టర్ని అడగ్గలం, ఫారాల మీద సంతకం పెట్టగలం. తెలుగులో అడగాలంటే మనకున్న చోటు కవిత ఒక్కటే. ప్రవచనంలో అడిగితే జవాబు వెంటనే వచ్చేస్తుంది, అదే చిక్కు.

సాహిత్య కమిటీ వారికి చేతులు జోడించి అడుగుతున్నాను. వచ్చే ఉగాదికి కవితలు పంపమని ప్రకటన వేసేటప్పుడు, ఉగాది గురించే రాయనక్కర్లేదని ఒక వాక్యం చేర్చండి. అవధానంలో ప్రశ్నలు వేసే పృచ్ఛకులు ఉన్నట్టే ఆధునిక కవికి కూడా ఇద్దరు పృచ్ఛకుల్ని కూర్చోబెట్టండి. కవిత పూర్తిగా విన్నాక వాళ్లు ప్రశ్నలు వేయాలి, "నాకూ తెలియదండీ" అని చెప్పే హక్కు కవికి ఉండాలి. టైం ఎక్కడిదంటారా? సన్మానాల్లోంచి తీయండి. సావనీరు పని చేసినందుకు ఏటా నాకు కప్పే శాలువాతో మొదలుపెట్టండి. ఆ అమ్మాయికి ఎవరైనా ఫోన్ చేసి, ఆ కవిత మిగతా భాగం పంపమని అడగండి. అధ్యక్షులవారే చేస్తే ఇంకా బాగుంటుంది.