రాజకీయ నాటకాన్ని శ్రద్ధగా చదివిన ఏకైక స్కాలర్ గారికి

మహారాజశ్రీ 1876 నాటక ప్రదర్శనల చట్టం గారికి,

ఉభయకుశలోపరి అని మొదలెడదామనుకున్నా కానీ, సర్కారుకి నచ్చని నాటకాల్ని నిషేధించడానికి బ్రిటిష్ వాళ్ళు తెచ్చిన మిమ్మల్ని 2018లో రద్దు చేసేశారు కదా, కుశలం ఇక నా ఒక్కడిదే, అదీ అంతంతమాత్రం. రాజకీయ నాటకం మీద ఆరేళ్ళుగా పీహెచ్‌డీ చేస్తున్నానండీ. మా గైడ్ గారు నా రెండో చాప్టర్ ఎనిమిది నెలలు దగ్గర పెట్టుకుని, ఫాంట్ సైజు పెంచమని వెనక్కిచ్చారు. అప్పుడు తెలిసొచ్చింది, ఈ దేశంలో నాటకాన్ని అక్షరం వదలకుండా చదివింది మీరొక్కరేనని.

అసలు మీ పుట్టుకే ఓ నాటకం. కలకత్తా వచ్చిన ప్రిన్స్ ఆఫ్ వేల్స్‌ని జగదానంద ముఖర్జీ అనే వకీలు ఇంటికి పిలిచి ఆడవాళ్ళుండే లోగిలిదాకా తీసుకెళ్ళి మర్యాదలు చేశాడని, గ్రేట్ నేషనల్ థియేటర్ వాళ్ళు జగదానందని గజదానంద చేసి ఆడేశారు. పోలీసులు ఆపితే హనుమాన్ చరిత్ర అని పేరు మార్చి ఆడారు, అదీ ఆపితే, పోలీస్ కమిషనర్ పేరు హాగ్, సూపరింటెండెంట్ పేరు ల్యాంబ్ కాబట్టి పంది-గొర్రె పోలీసులు అని ఇంకోటి ఎత్తుకున్నారు. వైస్రాయ్ నార్త్‌బ్రూక్‌కి నవ్వు రాలేదు గానీ ఆర్డినెన్స్ వచ్చింది, ఏడాది చివరికల్లా మీరొచ్చారు.

ఇక మీ చదువు! ఖాడిల్కర్ 1907లో మరాఠీలో కీచకవధ రాస్తే, కీచకుడంటే వైస్రాయ్ కర్జన్, ద్రౌపది అంటే దేశం, భీముడంటే అతివాదులు అని విప్పుకుని 1910లో నిషేధించారు. (చూసే జనానికి ఆ ముక్క ముందే తెలుసనుకోండి, అది వేరే సంగతి.) ఇలాంటిది నేను రాస్తే ఆధారం ఏదీ అని మా కమిటీ నన్ను నిలబెట్టి అడుగుతుంది.

1953లో లక్నోలో ఇప్టా (వామపక్ష నాటక సంఘం) వాళ్ళు ప్రేమ్‌చంద్ ఈద్గా కథని నాటకంగా వేశారు. పండగ డబ్బులతో బొమ్మ కొనుక్కోకుండా, రొట్టెలు కాల్చేటప్పుడు నాయనమ్మ చేతులు కాలుతున్నాయని పట్టకారు కొనుక్కొచ్చే పిల్లాడి కథ అది. దానికిచ్చిన పర్మిషన్ కూడా వెనక్కి తీసుకున్నారు! స్వతంత్రం వచ్చి ఆరేళ్ళయ్యాక కూడా ఆ పట్టకారులో మీకేం కనబడిందో గానీ, చదవడమంటే అదండీ. ఆ కేసులోనే 1956లో అలహాబాద్ హైకోర్టు మీరు రాజ్యాంగం ముందు చెల్లరు పొమ్మంది, అయినా పుస్తకాల్లోంచి కదలడానికి ఇంకో అరవై ఏళ్ళు తీసుకున్నారు. అది చదివాక నా థీసిస్ మీద కాస్త ఆశ పుట్టింది.

ఒక్కచోట మాత్రం మీ చదువు తేలిపోయింది సార్. 12వ సెక్షన్లో దేవుడి పండగల్లో ఆడే జాత్రాలని, అంటే బెంగాల్ వీధి నాటకాల్లాంటివాటిని, వదిలేశారు. దేవుడి దగ్గర ఆడేవాడికి పాలిటిక్స్ ఎందుకులే అనుకున్నారా? తర్వాత బెంగాల్లో ముకుంద దాస్ స్వదేశీ జాత్రాలు ఊరూరా ఆడేసరికి, పాపం వేరే చట్టంలో సెక్షన్లు వెతుక్కుని జైల్లో పెట్టాల్సొచ్చింది.

మనవైపు 1947లో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన మాభూమిని ప్రజానాట్యమండలి ఊరూరా ఆడింది, మద్రాసు ప్రభుత్వం దాన్ని నిషేధించింది, అంటే అంత భయపడేలా చదివిందన్నమాట. మొన్న ఆ నాటకం మీదే సెమినార్ పెడితే నేను పేపర్ చదువుతున్నంతసేపూ ముందు వరస ఖాళీ, లంచ్ కూపన్ల దగ్గర మాత్రం మెట్లదాకా క్యూ.

ఇంతకీ మీరు గుర్తొచ్చింది ఎందుకంటే, మా జూనియర్లు ఒక చిన్న నాటకానికి హాలు బుక్ చేసుకున్నారు. ఒక్కరోజు ముందు హాలు మేనేజర్ ఫోను, కరెంటు రిపేరంట, హాలు ఇవ్వలేరంట. సార్ స్క్రిప్టు తెచ్చిస్తాం, మీరే చదివి చెప్పండి అని పిల్లలు బతిమాలారు.

"చదవడమెందుకు బాబూ, పోస్టర్ చూశాంలే" అన్నాడాయన.

ఇట్లు,
రెండో చాప్టర్ ఫాంట్ పెంచుకుంటున్న మీ ఏకలవ్య శిష్యుడు