ముట్టని పరిహారం

పోయిన జులైలో మా ఊరి తెలుగు కుటుంబాలు ఆరు కలిసి మౌంట్ రష్‌మోర్ చూడ్డానికి వెళ్లాం. మినియాపొలిస్ నుంచి తొమ్మిది గంటల ప్రయాణం. రాత్రి రాపిడ్ సిటీ హోటల్లో పులిహోర, పెరుగన్నం పంచుకుంటుండగా ఇక్కడి ఆదివాసులైన సూ జాతి మాట వచ్చింది. రష్‌మోర్ ఉన్న ఈ బ్లాక్ హిల్స్ కొండలను ప్రభుత్వం తీసేసుకున్నందుకు పరిహారంగా వాళ్లకు దక్కిన సొమ్ము వడ్డీతో కలిపి 100 కోట్ల డాలర్లు దాటిందని, అందులో ఒక్క డాలరు కూడా వాళ్లు ముట్టలేదని చెప్పాను. "అంత బీదరికంలో ఉండి అంత డబ్బు వద్దంటారా? ఎందుకు?" అని మా గుంపులో అందరికన్నా పెద్దాయన అడిగారు. ఎగతాళికి కాదు, నిజంగానే అర్థం కాక అడిగారు. ఆ రాత్రి నాకు జవాబు సరిగ్గా కుదరలేదు. అప్పటినుంచి అది నన్ను వదల్లేదు.

ముందు పేరు సంగతి. 'సూ' అన్నది వాళ్లు పెట్టుకున్న పేరు కాదు. పొరుగున ఉన్న ఒజిబ్వే వాళ్లు అన్న మాటను ఫ్రెంచి వర్తకులు తమ నోటికి తగ్గట్టు మార్చుకుంటే, చివరికి దాని తోక మిగిలింది. వాళ్లు తమను ఒచేతి షకోవిన్ అనుకుంటారు. ఏడు నెగళ్ల కూటమి అని అర్థం. డకోటా, నకోటా, లకోటా అందులోని వాళ్లే. మినెసోటా అన్నది డకోటా మాట. మనవాళ్లు ఇళ్లు కొనుక్కుంటున్న మినియాపొలిస్ శివారు షకోపీకి ఆ పేరు అక్కడి డకోటా నాయకుడి నుంచి వచ్చింది. షక్పే అంటే ఆరు. రష్‌మోర్ కొండకు లకోటాల పేరు తుంకాషిలా షక్పే, ఆరుగురు తాతలు. 1927లో మొదలుపెట్టి ఆ తాతల మీద నలుగురు అధ్యక్షుల ముఖాలు చెక్కారు. వీళ్లను మన ఇళ్లలో ఇంకా 'రెడ్ ఇండియన్లు' అంటున్నాం. ఆ మాట మానేద్దామని నా మనవి.

ఇక కాగితం దగ్గరికి వద్దాం. పట్టా, పాస్‌బుక్కు, దస్తావేజు అంటే ఏమిటో, సంతకానికి విలువేమిటో మనకు ఒకరు చెప్పక్కర్లేదు. ఫోర్ట్ లారమీ ఒడంబడిక 1868 నాటిది. మోంటానా బంగారు గనులకు వెళ్లే బోజ్‌మన్ దారిలో సైన్యం కట్టిన కోటల మీద రెడ్ క్లౌడ్ నాయకత్వంలో లకోటాలు రెండేళ్లు పోరాడారు. అమెరికా ప్రభుత్వం ఆ కోటలను ఖాళీ చేసి సంధికి వచ్చింది. ఇప్పటి సౌత్ డకోటాలో మిస్సోరీ నదికి పడమటి సగమంతా, బ్లాక్ హిల్స్‌తో సహా, వాళ్ల సొంతమని రాసిచ్చింది. ఆ కొండలు వాళ్లకు పహా సాపా, పుణ్యభూమి. పన్నెండో అధికరణంలో ఇంకో మాట ఉంది. వయసు వచ్చిన మగవాళ్లలో ముప్పాతిక మంది సంతకం చేస్తే తప్ప ఇందులో సెంటు భూమి కూడా ఎవరికీ బదిలీ కాదు.

ఆరేళ్లు తిరక్కుండానే, 1874లో, సైన్యాధికారి కస్టర్ వెయ్యి మందితో ఆ కొండల్లోకి దిగి బంగారం ఉందని కబురు పంపాడు. ప్రభుత్వం 60 లక్షల డాలర్లకు కొంటానంటే లకోటాలు ఒప్పుకోలేదు. యుద్ధం వచ్చింది. 1876 జూన్‌లో లిటిల్ బిగ్‌హార్న్ దగ్గర కస్టర్ చచ్చిపోయాడు. సినిమాల్లో కథ అక్కడితో ఆగుతుంది. అసలు దెబ్బ తగిలింది ఆ తర్వాత. కొండలు వదులుకుంటే తప్ప రేషన్ ఇచ్చేది లేదని ఆ ఆగస్టులో అమెరికా కాంగ్రెస్ చట్టం చేసింది. అడవిదున్నలను అప్పటికే చాలావరకు చంపేశారు, వేటకు వెళ్లే దారులూ మూసేశారు. తిండి కోసం రేషన్ పంచే సర్కారు కార్యాలయం మీద ఆధారపడ్డ జనం ముందు కాగితం పెట్టి సంతకం అడిగారు. అయినా పెట్టింది పదో వంతు మంది. ముప్పాతిక ఎక్కడ, పదో వంతు ఎక్కడ? 1877 ఫిబ్రవరి 28న కాంగ్రెస్ ఆ చాలీచాలని సంతకాలతోనే 73 లక్షల ఎకరాలు తీసేసుకుంది. అక్కడి హోమ్‌స్టేక్ గని ఒక్కటే 2002లో మూతపడేదాకా దాదాపు 4 కోట్ల ఔన్సుల బంగారం ఇచ్చింది.

లకోటాలు కోర్టుకు వెళ్లింది 1923లో. తీర్పు 1980 జూన్ 30న వచ్చింది. 57 ఏళ్లు! అర్జీ పెట్టిన తరం వెళ్లిపోయింది. ఆ భూమిని తీసుకున్నది అన్యాయమేనని సుప్రీంకోర్టు 8–1తో తేల్చి, సుమారు 10 కోట్ల 60 లక్షల డాలర్ల పరిహారాన్ని ఖాయం చేసింది. లాయర్లకు ఫీజు కింద కోటి డాలర్లకు పైగా ముట్టాయి. తెగలు మాత్రం తమ వాటా తీసుకోలేదు.

పెద్దాయన అడిగిన ప్రశ్నకు జవాబు ఇక్కడే ఉంది. ఆ కోర్టుల దారిలో వాళ్లకు దొరికేది డబ్బే. భూమి తిరిగి ఇప్పించే అధికారం అందులో లేదు. ఆ డబ్బు తీసుకుంటే 1877లో పెట్టని సంతకం ఇప్పుడు పెట్టినట్టే. ఒడంబడిక అన్నది ఒక దేశం ఇంకో దేశంతో రాసుకునేది. రాజ్యాంగం ఆరో అధికరణం ప్రకారం అది ఈ దేశపు అత్యున్నత చట్టం. అది బతికి ఉన్నంతకాలం వాళ్లు సొంత ప్రభుత్వం, సొంత న్యాయస్థానాలు ఉన్న ఒక జాతిగా మాట్లాడగలరు. పరిహారం తీసుకున్న మరుక్షణం బాకీ తీరిన లబ్ధిదారులవుతారు.

కృష్ణ ఒడ్డున మా అమ్మమ్మ వాళ్ల ఊరు ముంపులో పోయింది. మావాళ్లు పరిహారం తీసుకున్నారు, తీసుకోక ఇంకో దారి లేదు. వేసవిలో నీళ్లు తగ్గితే పాత గుడి మండపం బయటపడేది. అమ్మమ్మ ఒడ్డున నిలబడి చూసేది గానీ అది మన ఊరని మాత్రం అనేది కాదు. "అమ్ముకున్నాం కదమ్మా" అనేది. లకోటాలు ఆ మాట అనుకోవాల్సిన అవసరం లేకుండా నిలబడ్డారు. వాళ్లకూ ముంపు తప్పలేదు. మిస్సోరీ మీద కట్టిన ఓహే ఆనకట్ట స్టాండింగ్ రాక్, షయెన్ రివర్ రిజర్వేషన్లలో, అంటే తెగలకు మిగిల్చిన ప్రాంతాల్లో, లక్షన్నర ఎకరాలకు పైగా ముంచేసింది. 2016లో స్టాండింగ్ రాక్ దగ్గర వేలమంది చలిలో నిలబడి అడ్డుకోబోయిన చమురు పైపు వెళ్లేది ఆ జలాశయం అడుగునుంచే. 2017 నుంచి అందులో చమురు పారుతోంది.

వాళ్లలో అందరిదీ ఒకే మాట అనను. డబ్బు పంచేయమని అడిగినవాళ్లు ఉన్నారు, కోర్టుకెక్కినవాళ్లూ ఉన్నారు. లకోటాల పైన్ రిడ్జ్ రిజర్వేషన్ ఉన్న కౌంటీ ఈ దేశంలోకెల్లా బీద కౌంటీల్లో ఒకటి. అక్కడ పిల్లల్ని పెంచే తల్లి ఆ డబ్బు కావాలంటే తప్పుపట్టే హక్కు నాకు లేదు. కానీ తెగల ప్రభుత్వాలు ఇన్ని దశాబ్దాలుగా మాట మార్చలేదు. అలాగని వాళ్లు రాపిడ్ సిటీని ఖాళీ చేయమని అడగలేదు. 1985లో సెనేటర్ బిల్ బ్రాడ్లీ పెట్టిన బిల్లు 13 లక్షల ఎకరాల ఫెడరల్ భూమిని తిరిగి ఇమ్మంది. ఎవరి ఇల్లూ పోదు, రష్‌మోర్ కూడా అందులో లేదు. అయినా అది గట్టెక్కలేదు. నా దృష్టిలో ఆ దారి ఇప్పటికీ న్యాయమైనదే. ఓటు హక్కున్న మనవాళ్లు తమ సెనేటర్లను దీని గురించి అడగాలి.

ఈలోగా వాళ్లు తమ నేలను తామే కొనుక్కుంటున్నారు. బ్లాక్ హిల్స్ నడిబొడ్డున పే స్లా అనే పవిత్ర మైదానంలో 2012లో 1,900 ఎకరాలకు పైగా కొన్నారు, 90 లక్షల డాలర్లు పెట్టి. అందులో చేయి కలిపిన తెగల్లో మన షకోపీ పక్కనున్న డకోటాలూ ఉన్నారు.

వచ్చే వేసవిలో మన సంఘం మళ్లీ రష్‌మోర్ యాత్ర వేస్తుందని విన్నాను. ఒక రోజు పెంచమని కార్యవర్గాన్ని కోరుతున్నాను. అక్కడినుంచి రెండు గంటలు వెళితే వూండెడ్ నీ. 1890 డిసెంబర్ 29న సైన్యం 250 నుంచి 300 మంది లకోటాలను చంపిన చోటు. ఎక్కువమంది ఆడవాళ్లు, పిల్లలు. గుట్ట మీద వాళ్లలో చాలామందిని కలిపి పాతిపెట్టిన గొయ్యి ఉంది. దాని చుట్టూ ఉన్న 40 ఎకరాలను రెండు లకోటా తెగలు 2022లో 5 లక్షల డాలర్లకు కొన్నాయి. పిల్లల్ని తీసుకెళ్దాం. వెళ్లేముందు వాళ్లకు ఆ పన్నెండో అధికరణం చదివి వినిపిద్దాం. గుట్ట మీద ఫోటోలు వద్దు.