వ్యాన్ కింద ఉంది, మేం పైనే ఉన్నాం

(చిక్కడపల్లిలో మొదటి అంతస్తు అద్దె పోర్షన్. సామాన్ల వ్యాన్ కింద హారన్ మీద హారన్ కొడుతోంది. పైన పంచాయితీ ఇంకా తెగలేదు. తెగే రకాలు కారు లెండి.)

భార్య: ఏమండీ, ఆ వైర్ల మూట కూడా మియాపూర్ వస్తోందా?

భర్త: నీ ఖాళీ హార్లిక్స్ సీసాలు వస్తుంటే నా వైర్లకేం తక్కువ?

భార్య: సీసాల్లో పప్పులు పోస్తాను. వైర్లలో మీరేం పోస్తారు?

భర్త: అదలా ఉంచు. ఆ కళ్లు తుడుచుకోవడం ఏమిటి? సొంత ఫ్లాటని నా ప్రాణం తోడింది నువ్వేగా!

భార్య: దుమ్మండీ. అయినా మియాపూర్‌లో త్యాగరాయ గానసభ ఉందా?

భర్త: ఇన్నేళ్లలో నువ్వెన్ని కచేరీలు విన్నావు?

భార్య: పక్కనే ఉంది, ఎప్పుడైనా వెళ్లొచ్చులే అని వెళ్లలేదు!

భర్త: ఇకమీదట అక్కణ్నుంచి వెళ్లకుండా ఉందువుగానీ. ఆర్టీసీ క్రాస్‌రోడ్స్ దాకా మెట్రో ఉంది, ఎంజీబీఎస్‌లో ఒక్కసారి మారితే చాలు.

భార్య: పోనీ, ఇంకో నెల ఆగితే...

భర్త: వచ్చే వారం ఆషాఢం. పాలు పొంగించాలంటే మళ్లీ శ్రావణమే. ఈలోగా అక్కడ ఈఎంఐ, ఇక్కడ అద్దె. ఈఎంఐకి శూన్యమాసం ఉండదే!

భార్య: సరే పదండి. ఇదేంటి, బాత్రూం తలుపు మీద కాగితం?

భర్త: ఏం లేదు... కొత్తగా వచ్చేవాళ్లకి.

భార్య (చదువుతూ): "నల్లా ఎడమకు తిప్పి, కాస్త పైకి లేపి, ఆగవలెను. గీజర్ స్విచ్ రెండోసారికి పడును. వాన వస్తే వంటింటి కిటికీ కింద బకెట్ పెట్టవలెను." పొద్దున్న లేస్తే దిక్కుమాలిన కొంప అని తిట్టేది మీరే కదండీ?

భర్త: దాని మర్మం తెలియనివాళ్లు పిడి విరగ్గొడతారని...

భార్య: పెయింటింగ్ పేరు చెప్పి అడ్వాన్సులో నెల అద్దె కోసేశాడు ఓనరు. మీకేమో ఆయన నల్లా మీద బెంగ!

భర్త: ఓనరు వేరు, నల్లా వేరు.

భార్య: ఇలా ఇవ్వండి పెన్ను. మంజీర నీళ్ల టైమేదీ? పాలబ్బాయి నంబరేదీ? ఊఁ... "పక్కింటి పిన్నిగారు పంచదార అడుగుతారు. ఇవ్వవలెను. తిరిగి రాదు."

భర్త: తిరిగి రాదని తెలిసీ ఇన్నేళ్లు ఎందుకిచ్చావే?

భార్య: ఆవిడ కరివేపాకు కొమ్మ మన బాల్కనీలోకే ఉంది. నేనెప్పుడైనా అడిగి కోశానా?