పీవీ గొంతు విననివ్వరా?

జూన్ 28న టీవీ పెడితే చాలు, మనసు చివుక్కుమంటుంది. పీవీ నరసింహారావు జయంతి కదా, వార్తల్లో అవే పాత దృశ్యాలు: నడిచొస్తారు, నమస్కారం పెడతారు, కాగితం తీసి చదువుతారు. ఏం చదువుతున్నారో మాత్రం వినపడనివ్వరు! పైన మ్యూజిక్, దానిమీద యాంకర్ అరుపు. తెలుగు, మరాఠీ, హిందీ, ఉర్దూ నుంచి స్పానిష్ దాకా వచ్చిన మనిషి నోరు నొక్కేస్తే ఎలా? తేదీ కూడా వెయ్యరు. 1971లో ముఖ్యమంత్రి అయినప్పటిదా, 1991లో ప్రధాని అయ్యాక తీసిందా, కొత్తగా చూసేవాళ్లకి ఎలా తెలుస్తుంది? 2024లో భారతరత్న ఇచ్చినప్పుడూ ఇదే వరస. బాబూ, ఒక్క ప్రసంగం కత్తిరించకుండా వెయ్యండి. ఆయన తెలుగు ఎలా ఉండేదో మా పిల్లల్ని విననివ్వండి.