రాతి సందున దూరని బ్లేడుకు ఒక బహిరంగ లేఖ

మహారాజరాజశ్రీ ‘రాళ్ళ సందున బ్లేడు కూడా దూరదు’ అనే వాక్యం వారి దివ్యసముఖమునకు,

ఒకప్పటి ఇంకా చక్రవర్తుల రాజధాని, పెరూ దేశపు కూస్కో నగరం నుండి ఒక బాధిత పర్యాటకుడు నమస్కరించి వ్రాయునది. ఉభయకుశలోపరి. నిన్న మధ్యాహ్నం మూడు గంటల వ్యవధిలో ఇంకాల గోడలను చూపించే మా మార్గదర్శి నోట తమరు పదకొండు సార్లు దర్శనమిచ్చారు కనుక తమ ఆరోగ్యం గురించి నాకు బెంగ లేదు. 3,400 మీటర్ల ఎత్తున ఊపిరి అందక మెట్ల మీద కూలబడినవాళ్ళం మేము. అలసట ఎరుగనివారు తమరు.

‘ఇంకాల రాతిపనిని రాయి రాయిగా విప్పి చెబుతాం’ అని మాట ఇచ్చి డబ్బు కట్టించుకున్న ఆ నడక యాత్ర హాతున్ రుమియోక్ వీధిలో, పన్నెండు కోణాల రాయి ఎదుట మొదలైంది. ఆకుపచ్చ ఛాయ గల ఆ డయొరైట్ బండను చుట్టూ ఉన్న రాళ్ళలో ఎలా పొదిగారో వినాలని నేను చెవులు రిక్కించగానే తమరు విచ్చేశారు. మొదటిసారి కదా అని ముచ్చటపడ్డాను. ఇంకాల సూర్యదేవాలయమైన కోరికాంచ గోడ దగ్గర మళ్ళీ తమరే. ఊరి పైనున్న సక్సాయ్‌వామన్ కోటలో, నూరు టన్నులకు పైబడుతుందని అంచనా కట్టిన సున్నపురాతి బండ పక్కన నిలబడి, ‘దీన్ని ఇక్కడికి ఎలా తెచ్చారు నాయనా?’ అని ఒక పెద్దావిడ అడిగితే, జవాబుగా మా మార్గదర్శి తమరినే ముందుకు తోశాడు. బండ ఎలా వచ్చిందంటే బ్లేడు దూరదట! మా జట్టులోని ఒక పెద్దమనిషి పరీక్షించి చూద్దామని విజిటింగ్ కార్డు తీయగా కాపలాదారు ఈల వేశాడు. ఆ పూటంతటికీ మేము కొత్తగా విన్నది ఆ ఈల ఒక్కటే. తెలుగులో ‘బ్లేడు వేయడం’ అంటే ఏమిటో తమరికి తెలిసి ఉండదు. రాతి సందులో దూరని తమరు మా చెవుల్లో మాత్రం మొదలంటా దిగారు.

అంతటితో పోలేదు. గదికి చేరి ఫోను తెరిస్తే, నేను కూస్కోలో ఉన్నానన్న సంబరంలో మా బాబాయిగారు కుటుంబ వాట్సాప్ గ్రూపులో తమరినే తెలుగు వేషంలో పంపి ఉన్నారు: ‘సైన్సుకు అంతుచిక్కని రహస్యం! రాళ్ళ మధ్య బ్లేడు కూడా దూరదు!!’ కింద ఆకుపచ్చని గ్రహాంతరవాసి బొమ్మ. (ఆ మహానుభావుడి సంగతి వేరే ఉత్తరంలో తేల్చుకుంటాను. నక్షత్రాలు దాటి వచ్చినవాడికి ఇంటి పైకప్పు వేసుకోవడానికి ఈ కొండల మీది ఇచ్చు గడ్డి తప్ప మరేమీ దొరకలేదా అన్న ఒక్క ప్రశ్న మాత్రం ఇప్పుడే అడిగి ఉంచుతున్నాను.)

తమరు పచ్చి అబద్ధమైతే నాకు ఇంత బాధ ఉండేది కాదు, దులిపేసుకుని ఊరుకునేవాడిని. తమరు సగం నిజం. స్పానిష్ చరిత్రకారుల కాలంలో తమరు కత్తి మొనగా ఉండేవారు, తరువాత బ్లేడయ్యారు, ఇప్పుడు కాగితం దాకా వచ్చారు. వయసు మీదపడే కొద్దీ ఇంతగా సన్నబడినవారిని నేను చూడలేదు. రాజుల కోసం, దేవుళ్ళ కోసం కట్టిన గోడల్లో తమ మాట చాలావరకు చెల్లుతుంది. కానీ ఆ గోడల్లోనూ రాయి కింది రాయి మీద నిండుగా కూర్చుంటుందే గాని, పక్క రాయితో ఉన్న నిలువు అతుకు చాలాచోట్ల గోడ ముఖం నుండి కొన్ని అంగుళాల వరకే బిగువు. వెనుక మట్టీ రాతిముక్కలూ కూరి ఉంటాయి. ఇంకాల కొండపట్టణం మాచు పిక్చులో మామూలు ఇళ్ళు ఎక్కువభాగం మట్టి అడుసుతో కట్టినవే. అక్కడ బ్లేడేమిటి, తాపీయే దూరుతుంది.

అసలు నా కడుపుమంట వేరు. మా భాషలో ‘ఇంకా’ అంటే ‘మరికొంత’ అని అర్థం. తమరు అడుగుపెట్టిన చోట మరికొంత అనేదానికి తావుండదు. ఇనుప ఉలి లేకుండా రాయిని ఎలా చెక్కారన్నది అంతుచిక్కని విషయం కానే కాదు. 1980లలో జాన్-పియేర్ ప్రోట్‌జెన్ అనే వాస్తుశిల్పాచార్యుడు ఇక్కడి క్వారీల్లో దొరికే గట్టి గుండ్రాళ్ళనే చేతబట్టి, ఒక చిన్న ఆండిసైట్ బండకు మూడు ముఖాలు గంటన్నరలో తీర్చి చూపించాడు. గుండ్రాయిని బిగించి పట్టుకోనక్కరలేదు. దాని బరువు మీద దాన్ని పడనిచ్చి, ఎగిరి వచ్చినప్పుడు అందుకుని, మణికట్టు తిప్పి మళ్ళీ వదలడమే. నడిమి భాగానికి పెద్ద గుండ్రాయి, అంచులకు చిన్నది. కూస్కో గోడల మీద ఆ దెబ్బల గుంటలు నడుమ పెద్దవిగా, అంచుల్లో సన్నగా కనిపించేది అందుకే. పై రాయిని కింది రాయి మీద పెట్టి చూసి, మళ్ళీ ఎత్తితే, ఎక్కడ తగులుతోందో అక్కడి రాతిపొడి అణిగి జాడ చెబుతుంది. ఆ చోట మరో నాలుగు దెబ్బలు, మళ్ళీ పెట్టడం, మళ్ళీ ఎత్తడం. ఇంత చక్కని సంగతి ఆ గోడ మీదే గుంట గుంటగా రాసి ఉండగా, ఆ గుంటల ఎదుట మమ్మల్ని ఇరవై నిమిషాలు నిలబెట్టి, చూడవలసిందల్లా గుంటలు లేని సందునేనని చెప్పించారు తమరు.

1950 మే 21 నాటి భూకంపంలో కోరికాంచ మీద స్పానిష్‌వాళ్ళు కట్టిన శాంటో డొమింగో చర్చి దెబ్బతిని, దానిలో కప్పబడిపోయిన కోరికాంచ గోడలు బయటపడి చెక్కుచెదరక నిలిచాయి. గోడలను లోపలికి ఎందుకు వాల్చారు, ద్వారాలు కింద వెడల్పుగా పైన ఇరుకుగా ఎందుకున్నాయి అని అక్కడ అడిగాను. సమాధానం తమరికి తెలిసిందే.

ఇక ‘తమరు’ అనడం నా వల్ల కాదు. నువ్వు మనుషులను మింగావు. సక్సాయ్‌వామన్ కట్టడానికి ఇరవై వేల మందిని రప్పించారని, నాలుగు వేల మంది రాళ్ళు కొట్టారని, ఆరు వేల మంది తోలుతాళ్ళతో, నారతాళ్ళతో వాటిని లాగారని, మిగిలినవాళ్ళు పునాదులు తవ్వారని స్పానిష్ చరిత్రకారుడు సియేజా దె లియోన్ 16వ శతాబ్దంలోనే రాసిపెట్టాడు. మొన్న ఇంకాల కోవెల ఉన్న ఒల్యాంతాయ్‌తాంబో ఊరికి వెళితే, ఉరుబాంబా నదికి ఆవల కాచికాతా క్వారీ నుండి కోవెలకు వచ్చే దారిలో, చేరకుండా ఆగిపోయిన బండలు ఇంకా పడి ఉన్నాయి. వాటిని ఇక్కడివాళ్ళు ‘అలసిన రాళ్ళు’ అంటారు. లాగినవాళ్ళ అలసటను రాళ్ళకు అంటగట్టినా, ఎవరో ఒకరు అలసిపోయారని ఒప్పుకున్న మాట అది. నీ మాటలో చెమట చుక్క లేదు, తాడు లేదు, బొబ్బలెక్కిన అరచెయ్యి లేదు. బ్లేడు ఉంది. ఇంకాలు కలలోనైనా చూడని బ్లేడు! ఎవడు దూర్చమన్నాడు నిన్ను అక్కడ? 2025 ఫిబ్రవరిలో ఒకడు సుత్తిలాంటిదానితో వచ్చి ఆ పన్నెండు కోణాల రాయినే పెచ్చులూడగొట్టిన రాత్రి ఏ సందులో దాక్కున్నావు?

ఇట్లు,
చెవులు చిల్లులు పడిన ఒక తెలుగువాడు

తా.క. ఈ ఉత్తరం ముగించి, కోపం చల్లారక, రాత్రి ఒక్కడినే మళ్ళీ హాతున్ రుమియోక్ వీధికి వెళ్ళాను. దీపాల వెలుతురు పక్కవాటుగా పడి గుంటలన్నీ లేచి కనిపిస్తున్నాయి. చాలాసేపు గుంటలనే చూశాను. తరువాత ఎప్పుడు జరిగిందో తెలియదు, నా చూపు జారి ఆ సందు మీద పడింది. చెయ్యి తనంత తానే జేబులోని హోటలు గది కార్డును తీసింది. అంచును గోడకు ఇంకా తాకించనైనా లేదు, వీధి చివర ఈల మోగింది.