భయభక్తుల్లో సగమే

ఆషాఢంలో లష్కర్ అని పిలిచే సికింద్రాబాద్‌లో బోనాల మర్నాడు ఉజ్జయినీ మహంకాళి గుడిలో రంగం జరుగుతుంది. పచ్చికుండ మీద నిలబడి భవిష్యవాణి చెప్పే ఆ స్త్రీ నోట ఏ మాట వస్తుందోనని జనం ఊపిరి బిగబట్టి వింటారు. వానలు పడతాయా, పిల్లాజెల్లా చల్లగా ఉంటారా అని అమ్మను అడుగుతారు. ఆమె కోపగిస్తే వణుకుతారు, కాపాడతానంటే చేతులెత్తి మొక్కుతారు. భయభక్తులని మన పెద్దలు రెంటినీ కలిపి ఎందుకన్నారో ఆ గుంపులో నిలబడితే తెలుస్తుంది.

మన దెయ్యాల సినిమాలు అందులో సగమే తీసుకుంటున్నాయి. వేపమండలు, నిమ్మకాయలు, పసుపు కుంకుమలు, డప్పు, సాంబ్రాణి పొగ హైదరాబాద్ బస్తీల్లో అమ్మవారికి మొక్కు చెల్లించే సరంజామా. తెరమీదికొచ్చేసరికి అవే కీడుకు గుర్తులవుతున్నాయి. బోనమెత్తి, అమ్మవారు ఒంటిమీదికి వచ్చి ఊగే శివసత్తి పూనకానికీ, దెయ్యం పట్టిన పిల్ల ఊగిపోవడానికీ తేడా చూపాలన్న పట్టింపు చాలామంది దర్శకులకు లేదు. ఇది మాకు బాధ కలిగిస్తోంది.

మతాన్ని హారర్ ముట్టుకోకూడదని మేం అనడం లేదు. 1973 నాటి ‘ది ఎక్సార్సిస్ట్’ ఇప్పటికీ వణికిస్తోందంటే, దెయ్యాన్ని వదిలించడానికి వచ్చిన ఇద్దరు ఫాదర్లలో చిన్నవాడు తన విశ్వాసమే సడలి కుమిలిపోతుంటాడు కనుక. 2009లో వచ్చిన ‘అరుంధతి’లో పశుపతి క్షుద్రవిద్యలను ఎదిరించే నాయికకు అండగా నిలిచేది ఒక ఫకీరు. 2022 నాటి ‘మసూద’ ఇంకా దగ్గరి కథ: హైదరాబాద్‌లో ఒక ముస్లిం తల్లి, దెయ్యం పట్టిన ఆమె కూతురు, సాయానికి పరుగెత్తుకొచ్చే పక్కింటి హిందూ కుర్రాడు, దారి చూపే పీర్‌బాబా. నాంపల్లి యూసుఫైన్ దర్గాకు వచ్చేవాళ్లను చూసినవారికి ఇందులో వింతేమీ కనిపించదు. బిడ్డకు జ్వరం తగ్గకపోతే తాయెత్తు కట్టించుకోవడానికి మతం అడ్డురాని ఊరిది.

చెవులు చిల్లులుపడే శబ్దంతో ఉలిక్కిపడేలా చేయడం సులువే. తెరమీది పాత్రలు దేన్ని నమ్ముతున్నాయో ప్రేక్షకుడికి తెలిసినప్పుడు పుట్టే భయం ఇంటిదాకా వెంట వస్తుంది.

ఇందులో ప్రాణాల సంగతి కూడా ఉంది. ఊరి చివర గుడిసె, జుట్టు విరబోసుకున్న ఒంటరి ముసలమ్మ, ముందు ముగ్గు: ఈ బొమ్మను ఎన్ని సినిమాల్లో చూశాం! బాణామతి, అంటే చేతబడి, చేశారన్న అనుమానంతో తెలంగాణ పల్లెల్లో మనుషుల్ని కొట్టి చంపిన ఘటనలున్నాయి. ఇలాంటి దారుణాలను అడ్డుకోవడానికి మహారాష్ట్ర 2013లో ప్రత్యేక చట్టమే తెచ్చుకుంది. మంత్రగత్తె ముఖాన్ని రాసేవారు, ఆ ముఖం ఎవరిదై ఉండవచ్చో ఒక్క క్షణం ఆలోచించాలి.

ఫిల్మ్‌నగర్ నుంచి లష్కర్‌కు ఎంతో దూరం లేదు. వచ్చే ఆషాఢంలో మన కథకులు కెమెరాలు ఇంట్లో పెట్టి, బోనాల వరుసలో నిలబడాలని, మర్నాడు రంగం పూర్తయ్యేదాకా ఉండి వినాలని కోరుతున్నాం.